నాన్నగారి క్రెడిట్ కార్డు బిల్లులో తెలియని రెస్టారెంటు పేరు, రూ.2,486, పక్కన హైదరాబాద్ అని ఉంది. ఏం చెయ్యాలి?

చించినాడ_రేవు (పాలకొల్లు)
అందరికీ నమస్తే అండి. మా నాన్నగారు రిటైర్డు టీచరు, ఆయన క్రెడిట్ కార్డు బిల్లులు నెలనెలా నేనే చూసి కడతాను. ఈ నెల స్టేట్‌మెంట్‌లో ఒక లైను అస్సలు అర్థం కావట్లేదు. ఏదో హాస్పిటాలిటీ ప్రైవేట్ లిమిటెడ్ అంట, ఆ పేరు కూడా సగంలో తెగిపోయింది, పక్కన హైదరాబాద్, రూ.2,486. ఆయన హైదరాబాద్ వెళ్ళి ఏడాది దాటిపోయింది. పెట్రోలు, మందుల షాపు, కరెంటు బిల్లు తప్ప ఆ కార్డు మీద ఇంకేం ఉండవండి. రాత్రంతా నిద్రపోలేదాయన, నా కార్డు ఎవడో కొట్టేశాడు బ్లాక్ చేయించమ్మా అని ఒకటే గొడవ. అమ్మేమో అది తేలేదాకా బిల్లు కట్టొద్దంటుంది. గడువు తారీఖుకి ఇంకా టైముంది. ముందు ఎక్కడ మొదలెట్టాలో తెలిసినవాళ్ళు చెప్పండి ప్లీజ్.

కోనసీమ_కుర్రోడు (అమలాపురం)
ఇందులో ఆలోచించేదేముందండి, ఫ్రాడే. గమ్మున కార్డు బ్లాక్ చేయించి సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930 కి ఫోన్ కొట్టండి. మా బాబాయికి ఇలాగే చిన్న మొత్తంతో మొదలై తర్వాత పెద్దది లాగేశారు. ఒక్క పూట కూడా ఆగొద్దు.

భీమవరం_చెరువుగట్టు (భీమవరం)
అవునండి లేట్ చెయ్యొద్దు. కానీ ఒక్క మాట, బ్యాంకు కస్టమర్ కేర్ నంబరు గూగుల్‌లో వెతక్కండి, దొంగ నంబర్లు పైనే కనపడతాయి, వాళ్ళు డబ్బులు వెనక్కి వేస్తాం ఓటీపీ చెప్పండి అని ఉన్నది కూడా ఊడ్చేస్తారు. కార్డు వెనకాల అచ్చేసిన నంబరు ఉంటుంది చూడండి, దానికే చెయ్యండి.

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
అమ్మా, ముందు నాన్నగారిని కంగారు పడొద్దని చెప్పండి. నేను బ్యాంకులోనే చేసి రిటైరయ్యాను, కౌంటర్ దగ్గరకొచ్చి "ఈ పేరు మాకు తెలీదు" అన్నవాళ్ళలో సగంమంది ఇంటికెళ్ళి ఆలోచించుకుంటే గుర్తొచ్చిన కేసులే. అలాగని మీదీ అంతేనని నేననట్లేదు. తెలియని పేరు వేరు, తెలియని ఖర్చు వేరు. అది తేల్చుకోకుండా ఫ్రాడ్ అని రాసిచ్చారనుకోండి, తర్వాత మీ కేసు మీకే అడ్డమొస్తుంది.

ఇప్పటికిప్పుడు చెయ్యాల్సింది, బ్యాంకు యాప్‌లో కార్డు కంట్రోల్స్ అని ఉంటాయి, 2020లో రిజర్వు బ్యాంకు చెప్పాక అందరూ పెట్టారు, అందులో ఆన్‌లైను, కాంటాక్ట్‌లెస్, స్వైపు అన్నీ ఆఫ్ చేసెయ్యండి. కార్డు రద్దవ్వదు, కానీ కొత్తగా ఎవరూ గీకలేరు. అప్పుడు నిమ్మళంగా వెతకొచ్చు.

తర్వాత ఈ మూడూ ఇక్కడ రాయండి. ఒకటి, స్టేట్‌మెంట్‌లో రెండు తారీఖులు ఉంటాయి, వాడిన తారీఖు, బ్యాంకు ఖాతాలో వేసిన తారీఖు, రెండూ కావాలి. రెండోది, ఆ రోజు ఫోనుకొచ్చిన ఎస్సెమ్మెస్ ఏ టైముకొచ్చింది. మూడోది, కస్టమర్ కేర్‌ని ఒకే ఒక్క ప్రశ్న అడగండి, ఇది కార్డు మిషన్లో పెట్టి పిన్ కొట్టిందా, ఊరికే ట్యాప్ చేసిందా, ఆన్‌లైన్లో చేసిందా అని. వాళ్ళ స్క్రీన్ మీద అది కనపడుతుంది.

కోనసీమ_కుర్రోడు (అమలాపురం)
గురువుగారూ మీరు చెప్పింది బాగానే ఉంది గానీ మూడు రోజుల రూలు ఉంది కదండీ? అది దాటితే మన నెత్తి మీదే పడుతుందంటారు. ఇలా తీరిగ్గా వెతుక్కుంటూ కూర్చుంటే ఆ టైము పోదా?

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
మంచి మాట అడిగావు బాబూ. ఆ రూలు 2017 జులై 6న రిజర్వు బ్యాంకు ఇచ్చిన సర్క్యులర్‌లో ఉంది. మన తప్పు లేకుండా, బ్యాంకు తప్పూ లేకుండా, మధ్యలో ఎవరో కొట్టేస్తే, బ్యాంకు నుంచి సమాచారం అందాక మూడు పనిదినాల్లోపు చెప్తే మనకి పైసా నష్టం ఉండదు. సమాచారం అందిన రోజుని లెక్కెయ్యరు. నాలుగు నుంచి ఏడు పనిదినాల మధ్య చెప్తే మన మీద పడే నష్టానికి ఒక పరిమితి ఉంది, 5 లక్షల్లోపు లిమిట్ ఉన్న క్రెడిట్ కార్డుకి అది గరిష్ఠంగా 10,000. ఏడు దాటితే ఆ బ్యాంకు పాలసీని బట్టి. అసలు బ్యాంకు పొరపాటో, బ్యాంకు సిబ్బంది మోసమో అయితే ఎప్పుడు చెప్పినా మనకి నష్టం లేదు. తప్పు కస్టమర్‌దే అని రుజువు చెయ్యాల్సిన బాధ్యత కూడా బ్యాంకుదే.

ఇక్కడ చాలామందికి తెలియనిది ఏంటంటే ఈ రోజులు ఎస్సెమ్మెస్సో మెయిలో వచ్చిన దగ్గర్నుంచి లెక్క. నెలాఖర్న స్టేట్‌మెంట్ చూసుకున్న దగ్గర్నుంచి అనుకుంటే దెబ్బతింటాం. అందుకే నేను చెప్పేది, వెతుకుతూ వెతుకుతూనే ఈరోజే ఫోన్ చేసి "ఈ లావాదేవీ మేం గుర్తుపట్టలేకపోతున్నాం, వివరాలు కావాలి, ఛార్జ్ స్లిప్ (మిషన్ రసీదు) కాపీ కావాలి" అని కంప్లైంట్ నంబరు తీసుకోవాలి. ఫ్రాడ్ అన్న మాట వాడక్కర్లేదు, గుర్తుపట్టలేదు అంటే చాలు. ఉన్నది ఉన్నట్టు చెప్పినట్టూ అవుతుంది, తారీఖూ రికార్డులో పడుతుంది.

రావులపాలెం_భోజనం (రావులపాలెం)
హోటల్ నడిపేవాడిగా రెండు ముక్కలు చెప్తానండి. స్వైపింగ్ మిషన్ తీసుకునేటప్పుడు బ్యాంకువాళ్ళు పాన్ కార్డు, బ్యాంకులో వ్యాపారం కరెంట్ అకౌంటు ఏ పేరు మీద ఉంటే ఆ పేరే ఎక్కిస్తారు. బోర్డు మీద పేరు ఒకటుంటుంది, బిల్లు మీద ఒకటి, మీ స్టేట్‌మెంట్‌లో ఇంకొకటి. నా హోటల్ బోర్డు చూసి తిన్నవాడికి స్టేట్‌మెంట్‌లో మా ఆవిడ పేరుతో ఎంటర్‌ప్రైజెస్ అని వస్తుంది, ఎందుకంటే ఫర్మ్ ఆవిడ పేరు మీద ఉంది. ఇద్దరు ముగ్గురు కస్టమర్లు ఫోన్ చేసి అడిగారు కూడా, ఎవరండీ ఈవిడ అని.

ఊరు కూడా అంతే. బ్రాంచీలు ఉన్న హోటళ్ళకి హెడ్డాఫీసు ఎక్కడుంటే ఆ ఊరు పడుతుంది చాలాసార్లు. కాకినాడలో తిన్నా, రాజమండ్రిలో తిన్నా స్టేట్‌మెంట్‌లో హైదరాబాద్ అనే వస్తుంది. కాబట్టి హైదరాబాద్ ఎప్పుడెళ్ళాం అని కాకుండా ఆ తారీఖున మనం ఎక్కడున్నాం అని ఆలోచించండి.

లాడ్జీ ఉన్న హోటళ్ళలో ఇంకో తమాషా, కింద రెస్టారెంట్లో తింటే లాడ్జీ పేరు వస్తుంది. అది చూసి ఇళ్ళల్లో గొడవలైపోయిన సందర్భాలు నాకు తెలుసు.

ఆడిటర్_కాకినాడ (కాకినాడ)
పై ఆయన చెప్పింది కరెక్ట్. ఇంట్లో ఏ పాత బిల్లు దొరికినా దాని మీద జీఎస్టీ నంబరు చూడండి, 15 అక్షరాలు ఉంటుంది. జీఎస్టీ పోర్టల్‌లో లాగిన్ అక్కర్లేకుండా సెర్చ్ ట్యాక్స్‌పేయర్‌లో అది కొడితే లీగల్ నేమ్, ట్రేడ్ నేమ్ రెండూ వస్తాయి. ట్రేడ్ నేమ్ బోర్డు మీది, లీగల్ నేమ్ స్టేట్‌మెంట్‌లోది. మొదటి రెండు అంకెలు రాష్ట్రం కోడ్, మనకి 37, తెలంగాణకి 36. ఆ తర్వాత పది అక్షరాలు కంపెనీ పాన్. అంటే హైదరాబాద్ కంపెనీ కాకినాడ బ్రాంచి బిల్లు 37తో మొదలైనా మధ్యలో పాన్ మాత్రం అదే ఉంటుంది. బిల్లు లేకపోతే, ప్రైవేట్ లిమిటెడ్ అంటున్నారు కాబట్టి కంపెనీ వ్యవహారాల శాఖ పోర్టల్‌లో పేరుతో వెతికితే రిజిస్టర్డ్ ఆఫీసు అడ్రసు దొరుకుతుంది. అది హైదరాబాద్ అని వచ్చిందంటే సగం ముడి విడిపోయినట్టే.

చించినాడ_రేవు (పాలకొల్లు)
అందరికీ థాంక్సండి, ఒకొక్కటీ చేసి వచ్చాను. కార్డు యాప్‌లో అన్నీ ఆఫ్ చేసేశాను. కార్డు వెనక నంబరుకే ఫోన్ చేశాను, చాలాసేపు హోల్డ్‌లో పెట్టి చివరికి చెప్పారు, కార్డు మిషన్లో పెట్టి పిన్ కొట్టిన లావాదేవీ అంట. వాడిన తారీఖు నవంబరు 16, ఖాతాలో వేసింది 18. నాన్నగారి ఫోన్లో ఎస్సెమ్మెస్ కూడా దొరికింది, 16న మధ్యాహ్నం 2 దాటాక వచ్చింది, ఆయన లోన్ల మెసేజీల మధ్యలో చూసుకోలేదు.

పిన్ ఆయనకి తప్ప నాక్కూడా తెలీదండి. అందుకే ఇంకా భయమేస్తోంది.

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
పిన్ కొట్టారంటే భయం కాదమ్మా, దారి దొరికినట్టు. కార్డు ఆయన దగ్గరే ఉందిగా? చిప్పు కార్డు, పిన్ రెండూ కలిపి వాడారంటే ఆ రోజు ఆ కార్డు ఆ మిషన్ దగ్గర ఉన్నట్టే లెక్క. నవంబరు 16 ఆదివారం, కార్తీక మాసం. మీరెవరైనా ఎక్కడికైనా వెళ్ళారా?

చించినాడ_రేవు (పాలకొల్లు)
అయ్యో వెళ్ళామండి!! అన్నవరం. సత్యనారాయణస్వామి వ్రతం చేసుకుని, కొండ దిగి కత్తిపూడి మీదుగా 216 హైవే ఎక్కి కాకినాడలో భోజనానికి ఆగాం, మళ్ళీ యానాం, అమలాపురం, రాజోలు మీదుగా చించినాడ బ్రిడ్జి దాటి ఇంటికొచ్చేసరికి రాత్రైంది. ఐదుగురం తిన్నాం. కానీ అక్కడ కార్డు పని చెయ్యలేదు! నాకు బాగా గుర్తు, నాన్నగారు కార్డు పెట్టి పిన్ కొడితే మిషన్ చాలాసేపు తిరిగి తిరిగి టైమ్ అవుట్ అని వచ్చింది, స్లిప్పు రాలేదు. కుర్రాడు "అవలేదండి, సిగ్నల్ లేదు" అంటే నాన్నగారు ఫోన్‌పే చేసేశారు. ఆయన ప్రతి ఖర్చూ డైరీలో రాస్తారు, ఇప్పుడే తీసి చూశాను: "16, కాకినాడ, భోజనం, 2,486, ఫోన్‌పే." అంకె కూడా అదే!

అంటే రెండుసార్లు కట్టామా?

రావులపాలెం_భోజనం (రావులపాలెం)
అదేనండి అదే. మా దగ్గరా అవుతుంది. ఆదివారం మధ్యాహ్నం రష్షులో నెట్ ఊగుతూ ఉంటుంది. మిషన్ నుంచి రిక్వెస్టు వెళ్ళిపోద్ది, మీ బ్యాంకు సరే అని ఆమోదం ఇచ్చేస్తది, ఆ సరే అన్న జవాబు తిరిగి మిషన్‌కి చేరేలోపు సిగ్నల్ పోతది. మిషన్ స్క్రీన్ మీద అవలేదు, బ్యాంకు పుస్తకంలో అయిపోయింది. చాలా వరకు వెనక్కి రద్దయిపోతాయి, కొన్ని రద్దవ్వకుండా హోటల్ ఖాతాకి సెటిల్ అయిపోతాయి. మా కుర్రాళ్ళకి నేను ఒకటే చెప్తాను, టైమ్ అవుట్ వస్తే మిషన్లో లాస్ట్ ట్రాన్సాక్షన్ స్టేటస్ నొక్కి చూడకుండా రెండోసారి డబ్బులు తీసుకోవద్దని.

ఆ హోటల్ వాళ్ళు కావాలని చేసుండరు. వాళ్ళకి కౌంటర్లో తెలీదు, బ్యాంకు నుంచి వచ్చే సెటిల్మెంట్ రిపోర్టు (ఏ కార్డు డబ్బు జమైందో చెప్పే లెక్క) అకౌంటెంట్ చూసుకుంటే తప్ప. హెడ్డాఫీసు హైదరాబాద్‌లో ఉంటే కాకినాడ కౌంటర్లో ఉన్నవాళ్ళకి అస్సలు కనపడదు.

కోనసీమ_కుర్రోడు (అమలాపురం)
ఓహో. అయితే ఏదైతేనేం, డబ్బులు పోయాయి కదా. ఫ్రాడ్ అనే కొట్టండి, దానికైతే పదిరోజుల్లో తిరిగి వేస్తారు, త్వరగా తెమిలిపోద్ది.

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
వద్దు బాబూ, ఈ సలహా మాత్రం ఎవరికీ ఇవ్వొద్దు. గట్టిగా చెప్తున్నాను. నువ్వన్నది నిజమే, 2017 సర్క్యులర్ ప్రకారం చెప్పిన పది పనిదినాల్లో ఆ మొత్తం తాత్కాలికంగా వెయ్యాలి, 90 రోజుల్లో ఫిర్యాదు తేల్చాలి. కానీ అది మనకి తెలియకుండా జరిగినవాటికి. ఇక్కడ కార్డు ఆయనదే, పిన్ కొట్టింది ఆయనే. ఫ్రాడ్ అని రాస్తే బ్యాంకు వాళ్ళు చూసేది ఒక్కటే, చిప్పు చదివిందా, పిన్ సరిపోయిందా. రెండూ అవును. వేసిన తాత్కాలిక క్రెడిట్ వెనక్కి తీసుకుని కేసు మూసేస్తారు. ఆ తర్వాత "కాదండి, రెండుసార్లు కట్టాం" అంటే మొదట నాకు తెలియదన్నారు కదా అంటారు. న్యాయంగా రావాల్సిన డబ్బు మన మాట మారడం వల్ల పోతుంది.

దీనికి బ్యాంకుకిచ్చే డిస్ప్యూట్ (అభ్యంతరం) ఫారంలో వేరే గడి ఉంటుంది, "ఇతర పద్ధతిలో చెల్లించాను" అని. పెయిడ్ బై అదర్ మీన్స్ అంటారు. దానికి టిక్కు పెట్టి, ఫోన్‌పే రసీదు, హోటల్ బిల్లు జత చేస్తే అంతకంటే బలమైన కేసు ఉండదు. ఒకే తారీఖు, ఒకే మొత్తం, ఒకే బిల్లు, డబ్బు మాత్రం రెండు దారుల్లో వెళ్ళింది. బ్యాంకు దాన్ని ఛార్జ్‌బ్యాక్‌గా, అంటే డబ్బు వెనక్కివ్వమనే క్లెయిమ్‌గా పంపిస్తుంది, మన బ్యాంకు నుంచి వీసా లాంటి నెట్‌వర్కుకి, అక్కడ్నుంచి ఆ హోటల్‌కి మిషన్ ఇచ్చిన బ్యాంకుకి, వాళ్ళు హోటల్‌ని అడుగుతారు. హోటల్ వాళ్ళు రెండు బిల్లులు చూపించగలగాలి, వాళ్ళ దగ్గర ఉండేది ఒకటే. వీసా, మాస్టర్‌కార్డులకి ఇలాంటివాటికి మామూలుగా 120 రోజులదాకా గడువుంటుంది. మీకింకా బోలెడు టైముంది, అయినా ఆలస్యం చెయ్యొద్దు.

భీమవరం_చెరువుగట్టు (భీమవరం)
నాకు ఇలాంటిదే డెబిట్ కార్డు మీద అయిందండి, సంక్రాంతికి భీమవరం మొత్తం కార్లతో నిండిపోయి ఫోన్ సిగ్నల్ కూడా అందని రోజు. స్లిప్పు రాలేదు, ఖాతాలో డబ్బులు మాత్రం కట్. నేను బ్యాంకుకి వెళ్దామనుకునేలోపే వెనక్కి పడ్డాయి. దానికి రూలు ఉందని తర్వాత తెలిసింది, 2019 సెప్టెంబరులో రిజర్వు బ్యాంకు పెట్టింది, షాపులో మిషన్ దగ్గర స్లిప్పు రాకుండా ఖాతాలో కట్ అయితే లావాదేవీ రోజు కాక ఐదు రోజుల్లో దానంతటదే వెనక్కి వెయ్యాలి, దాటితే రోజుకి 100 చొప్పున మనకే ఇవ్వాలి. మీ ఫారంలో ఆ మాట కూడా రాయండి, స్లిప్పు రాలేదని.

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
అవును, అది తప్పకుండా రాయాలి. "మిషన్ టైమ్ అవుట్ అయింది, ఛార్జ్ స్లిప్ ఇవ్వలేదు, వెంటనే యూపీఐ ద్వారా అదే బిల్లు చెల్లించాం." మూడే మూడు ముక్కలు. కథ అంతా రాయక్కర్లేదు, అన్నవరం వ్రతం సంగతి వాళ్ళకి అనవసరం.

అంబాజీపేట_వదిన (అంబాజీపేట)
మధ్యలో వస్తున్నా ఏమనుకోకండి, నాదీ ఇలాంటి డౌటే. మొన్న రాజమండ్రిలో తిన్నాం, మెనూలో వేసుకున్న లెక్కకీ కార్డులో కట్ అయినదానికీ తేడా ఉంది. బిల్లులో 5 శాతం జీఎస్టీ కాకుండా సర్వీస్ ఛార్జ్ అని ఇంకోటి వేశారు. దానికి కూడా బ్యాంకులో డిస్ప్యూట్ పెట్టొచ్చా?

ఆడిటర్_కాకినాడ (కాకినాడ)
వదినగారూ, అది బ్యాంకు పని కాదండి. మీరు బిల్లు చూసి పిన్ కొట్టారు కాబట్టి బ్యాంకు దృష్టిలో ఒప్పుకున్న మొత్తమే. కానీ సర్వీస్ ఛార్జ్ బిల్లులో వాళ్ళంతట వాళ్ళు కలిపెయ్యకూడదు. 2022 జులై 4న కేంద్ర వినియోగదారుల రక్షణ అథారిటీ మార్గదర్శకాలు ఇచ్చింది, హోటళ్ళ సంఘాలు కోర్టుకెళ్తే 2025 మార్చి 28న ఢిల్లీ హైకోర్టు ఆ మార్గదర్శకాలు సరైనవేనంది. ఇష్టముంటే ఇస్తాం, లేకపోతే లేదు. అక్కడికక్కడే తీసెయ్యమని అడగాలి, తియ్యకపోతే 1915 జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్. జీఎస్టీ మాత్రం ఇవ్వాల్సిందే, మామూలు రెస్టారెంట్లకి 5 శాతం, సగం కేంద్రానిది సగం రాష్ట్రానిది అని రెండు లైన్లుగా ఉంటుంది.

అంబాజీపేట_వదిన (అంబాజీపేట)
చాలా థాంక్సండి. బిల్లు దాచుకున్నాను, 1915కి చేస్తాను.

యానాం_గాలి (యానాం)
కాంటాక్ట్‌లెస్ సంగతి కూడా ఎవరో ఒకరు చెప్పాలి కదండీ, నేను చెప్తా. మా తమ్ముడు బస్సులో పర్సు పోగొట్టుకున్నాడు, అదే రోజు సాయంత్రం రెండు టిఫిన్ సెంటర్లలో, ఒక బిర్యానీ పాయింట్లో గీకారు. 5,000 లోపు ట్యాప్ చేస్తే పిన్ అక్కర్లేదు కదా, పోయిన కార్డు దొరికినవాడికి అదే చాలు. అది అసలైన ఫ్రాడ్. వాడు రాత్రికల్లా కార్డు బ్లాక్ చేసి, 1930కి చెప్పి, పోలీసు స్టేషన్లో కాగితం రాయించుకున్నాడు కాబట్టి డబ్బు మొత్తం వచ్చింది. కాబట్టి కుర్రోడుగారు చెప్పేది కూడా తీసిపారేయొద్దు. పిన్ లేకుండా అయితే పరిగెత్తాలి, పిన్‌తో అయితే కూర్చుని ఆలోచించాలి. పెద్దవాళ్ళ కార్డుల్లో ట్యాప్ ఆఫ్ చేసి పెడితే మంచిదండి, వాళ్ళకి దాంతో పనుండదు.

కోనసీమ_కుర్రోడు (అమలాపురం)
మరేనండి. మా బాబాయిది ఆన్‌లైన్‌ది, పిన్ లేదు, ఓటీపీ కూడా రాలేదు, విదేశీ సైటు. అందుకే నాకు వెంటనే ఆ భయం. ఈవిడ కేసులో పెద్దాయన చెప్పిందే కరెక్టు, ఒప్పుకుంటున్నా.

చించినాడ_రేవు (పాలకొల్లు)
ఇంకో అడుగు ముందుకెళ్ళానండి. అమ్మ హ్యాండ్‌బ్యాగులో అన్నవరం ప్రసాదం విస్తరాకు పొట్లంతో పాటు ఆ బిల్లు మడతపెట్టి ఉంది. సిరా సగం పోయింది గానీ వెలుతుర్లో పెడితే కనపడుతోంది, భోజనాలు 2,368, సీజీఎస్టీ 59.20, ఎస్‌జీఎస్టీ 59.20, రౌండ్ చేసి 2,486. కింద జీఎస్టీ నంబరు 37తో మొదలైంది, పోర్టల్‌లో కొడితే లీగల్ నేమ్ అచ్చంగా స్టేట్‌మెంట్‌లో తెగిపోయిన ఆ హాస్పిటాలిటీ కంపెనీయే! నాన్నగారికి చూపిస్తే అప్పుడు నవ్వారు. వెంటనే ఫోటో తీసేశాను, ఆ సిరా ఇంకో నెలకి ఉండదు.

ఇప్పుడు ముందు హోటల్‌కి చెయ్యాలా, బ్యాంకుకి పంపాలా?

రావులపాలెం_భోజనం (రావులపాలెం)
రెండూ చెయ్యండి, కానీ హోటల్‌కి ముందు. కౌంటర్లో కుర్రాడిని కాదు, మేనేజర్ని అడిగి హెడ్డాఫీసు అకౌంట్స్ మెయిల్ ఐడీ తీసుకోండి. డబ్బులు రెండుసార్లు తీసుకున్నారు అని దబాయిస్తే వాళ్ళు కూడా బిగుసుకుపోతారు. తారీఖు, టైము, కార్డు చివరి నాలుగంకెలు, మొత్తం, స్టేట్‌మెంట్‌లో పేరు, ఫోన్‌పే యూటీఆర్ నంబరు (ఆ చెల్లింపు రిఫరెన్స్ నంబరు) ఇవ్వండి. కార్డు లావాదేవీకి ఉండే రిఫరెన్స్ నంబరు, ఆర్ఆర్ఎన్ అంటారు, బ్యాంకుని అడిగి తీసుకోండి, 12 అంకెలుంటుంది, అదిస్తే అకౌంటెంట్ ఐదు నిమిషాల్లో సెటిల్మెంట్ రిపోర్టులో పట్టేస్తాడు. కార్డు పూర్తి నంబరు మాత్రం ఎవరడిగినా ఇవ్వకండి, చివరి నాలుగు చాలు. రిఫండ్ కూడా నగదుగా వద్దు, అదే కార్డుకి వెయ్యమనండి, లేదంటే రేపు లెక్క తేలదు.

అంబాజీపేట_వదిన (అంబాజీపేట)
ఈలోపు బిల్లు గడువు వచ్చేస్తే? ఆ 2,486 తీసేసి మిగతాది కట్టొచ్చా? వాళ్ళ అమ్మగారు మొత్తమే కట్టొద్దన్నారుగా.

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
మొత్తం కట్టకుండా ఆపడం మాత్రం వద్దే వద్దు. గడువు దాటి మూడు రోజులు మించితే లేట్ ఫీజు పడుతుంది, బకాయి అని అప్పుల చరిత్ర రాసుకునే క్రెడిట్ బ్యూరోకి వెళ్తుంది, వడ్డీ వేరే. రెండు వేల కోసం అంత తలనొప్పి ఎందుకు. 2022 ఏప్రిల్‌లో రిజర్వు బ్యాంకు ఇచ్చిన కార్డుల నిబంధనల్లో, ఫ్రాడ్ అని వివాదం పెట్టిన మొత్తం మీద అది తేలేదాకా ఛార్జీలు వెయ్యకూడదని ఉంది. కానీ మీది ఫ్రాడ్ కాదు కదా, రెండుసార్లు చెల్లింపు. కాబట్టి వివాదంలో ఉన్న మొత్తాన్ని పక్కన పెడతారా అని బ్యాంకుని మెయిల్లో అడగండి, అవునని రాతపూర్వకంగా వస్తేనే తగ్గించి కట్టండి. రాకపోతే చేతిలో ఉంటే మొత్తం కట్టెయ్యడమే మేలు, కట్టినంత మాత్రాన ఫిర్యాదు హక్కు పోదు. గడువులోపే రిఫండ్ వచ్చేస్తే దాన్ని వెంటనే కట్టాల్సిన మొత్తంలో సర్దాలని కూడా అదే నిబంధనల్లో ఉంది.

బిల్లు మీద అభ్యంతరం చెప్తే 30 రోజుల్లోపు వివరణ, అవసరమైతే కాగితాలు కూడా బ్యాంకు ఇవ్వాలి. ఆ 30 రోజుల్లో జవాబు రాకపోయినా, వచ్చింది నచ్చకపోయినా బ్యాంకుల మీద ఫిర్యాదులు తేల్చే రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ ఉంది, వాళ్ళ ఫిర్యాదుల వెబ్‌సైట్ సీఎంఎస్ పోర్టల్‌లో ఆన్‌లైన్‌గా పెట్టొచ్చు, పైసా ఖర్చు లేదు, సందేహాలుంటే 14448కి ఫోన్ చెయ్యొచ్చు. బ్యాంకుకి ముందు రాయకుండా నేరుగా అక్కడికెళ్తే తీసుకోరు, అందుకే కంప్లైంట్ నంబరు జాగ్రత్త అని మొదట్నుంచీ అంటున్నాను.

చించినాడ_రేవు (పాలకొల్లు)
అప్‌డేట్ అండి. హోటల్ మేనేజర్ బాగానే మాట్లాడారు, హెడ్డాఫీసు మెయిల్ ఇచ్చారు. వాళ్ళకి అన్నీ పెట్టి రాశాను, బ్యాంకుకి డిస్ప్యూట్ ఫారం "ఇతర పద్ధతిలో చెల్లించాను" గడితో పంపాను. బిల్లు గడువుకి మొత్తం కట్టేశాను, బ్యాంకు వాళ్ళు రాసివ్వలేదు కాబట్టి. నాన్నగారు రోజూ పొద్దున్నే మెయిల్ వచ్చిందా అని అడుగుతున్నారు.

ఆడిటర్_కాకినాడ (కాకినాడ)
మెయిల్‌కి జవాబు రాకపోతే చెప్పండి, ఆ బ్రాంచి మా ఆఫీసుకి దగ్గరే అయితే వెళ్ళి అడుగుతాను.

చించినాడ_రేవు (పాలకొల్లు)
అక్కర్లేకుండానే అయిపోయిందండి! హెడ్డాఫీసు అకౌంట్స్ నుంచి మెయిల్ వచ్చింది, కార్డు ద్వారా వచ్చిన 2,486 కి వాళ్ళ బిల్లింగ్‌లో బిల్లు లేదని, ఎవరిదో తెలియక పెండింగ్ ఖాతాలో పెట్టారని రాశారు. కార్డుకే రిఫండ్ వేశారు, యాప్‌లో అదే కంపెనీ పేరుతో క్రెడిట్ కనపడుతోంది. నాన్నగారు డైరీలో ఆ తారీఖు పక్కన ఎర్రసిరాతో "కార్డు సొమ్ము వాపసు" అని రాసుకున్నారు.

ఒక్కటే డౌటు, బ్యాంకులో పెట్టిన డిస్ప్యూట్ అలాగే ఉంది. దాన్ని వదిలేస్తే అదే మూసుకుపోతుందా?

హెడ్‌క్యాషియర్_రిటైర్డ్ (తణుకు)
చాలా సంతోషం తల్లీ. వదిలెయ్యకండి, ఈరోజే బ్యాంకుకి "వ్యాపారి నేరుగా రిఫండ్ ఇచ్చారు, ఫిర్యాదు ఉపసంహరించుకుంటున్నాం" అని కంప్లైంట్ నంబరు వేసి రాయండి. లేకపోతే ఛార్జ్‌బ్యాక్‌లో ఇంకోసారి అదే మొత్తం పడి, ఒకట్రెండు నెలలాగి దాన్ని వెనక్కి తీసుకుంటారు, అప్పుడు నాన్నగారికి మళ్ళీ తెలియని డెబిట్ ఒకటి కనపడుతుంది. హోటల్ వాళ్ళకి కూడా అనవసరంగా రెండుసార్లు పోతుంది.

చించినాడ_రేవు (పాలకొల్లు)
రాసేశానండి. ఫిర్యాదు క్లోజ్ చేశాం అని బ్యాంకు నుంచి మెసేజ్ కూడా వచ్చింది. కార్డులో స్వైపు మళ్ళీ ఆన్ చేశాను, ట్యాప్, ఆన్‌లైను ఆఫ్‌లోనే ఉంచాను. అందరికీ పేరుపేరునా థాంక్స్.